ఫిన్లాండు సినిమాల్లో మా కిష్టయ్య ఊఁ

మా అన్న కొడుకు కిష్టయ్య ఫిన్లాండు దేశపు సినిమాలు పదకొండింటికి తెలుగులో గొంతు ఇచ్చాడు. ఈ మాట మొదటే రాసి పెడుతున్నాను. ఎందుకంటే జోగిపేట అవతల మా ఊళ్లో ఇప్పటికీ నమ్మనివాళ్లు ఇద్దరున్నారు. అందులో ఒకడు మా బామ్మర్ది.

పదకొండు వేషాలూ వరసగా అప్పజెప్పగలను. కట్టెలు కొట్టేవాడు, భార్య పోయిన పోస్టుమాను, మంచుకు బొక్క కొట్టి చేపలు పట్టేవాడు, పోలీసు ఇన్‌స్పెక్టరు, రిటైరైన పోలీసు ఇన్‌స్పెక్టరు, దుప్పులు మేపేవాడు, జైలు వార్డరు, చర్చిలో గంట కొట్టేవాడు, రైలు గేటు దగ్గర మనిషి, మళ్లీ కట్టెలు కొట్టేవాడు, పడవ నడిపేవాడు. ఈ పడవవాడి దగ్గరే గొడవ వచ్చింది. అది తర్వాత చెబుతాను.

పదకొండూ వేసిన నటుడు ఒక్కడే. పేరు తైస్తో రౌతల. ముప్పై ఏళ్లుగా అక్కడ సినిమాల్లో ఉన్నాడు. ఆయన తెర మీద కనిపిస్తే తెలుగులో వినిపించేది మా కిష్టయ్య. మా వంశంలో అంతకు ముందు చెప్పుకోదగ్గ పదవి అంటే మా తాత చేసిన నీరటి పని. చెరువు తూము ఎత్తితే ఊరంతా ఆయన వైపే చూసేదట. ఆయన తర్వాత ఊరు మా ఇంటి వైపు చూసింది మళ్లీ ఇప్పుడే.

నేను మా ఊరి బళ్లో ఏడో తరగతి దాకా చదివాను. మా సారు దేశాలూ రాజధానులూ నిలబెట్టి చెప్పించేవారు. ఫిన్లాండు రాజధాని హెల్సింకి అని నాకు అప్పుడే వచ్చు. అది ఎందుకు పనికొస్తుందో తెలియకుండానే యాభై ఏళ్లు గుర్తుపెట్టుకున్నాను. కిష్టయ్య మొదటిసారి వచ్చి "కాకా, గదేదో ఫిన్లాండట" అంటే, "హెల్సింకి" అన్నాను టక్కున. వాడు నోరు తెరిచి చూశాడు. చదువు వృథా పోదు.

ఇక వాడి ప్రజ్ఞ ఏమిటో చెప్పాలి. ఊఁ కొట్టడం.

మా ఊళ్లో కథ చెప్పేవాడికి ఎదురుగా ఊఁ అనేవాడు ఒకడుండాలి. ఊఁ ఆగిందంటే వినేవాడు కునుకు తీశాడని లెక్క. కథ అక్కడే ఆపి లేచిపోతాం. కోతలప్పుడు కళ్లం దగ్గర పిల్లలకు కథలు చెప్పేవాణ్ణి నేనే. మిగతా పిల్లలవి మొద్దు ఊఁలు. రాజు చచ్చినా అదే ఊఁ, రాజుకు కొడుకు పుట్టినా అదే ఊఁ. కిష్టయ్యది అట్లా కాదు. రాజు అడవికి బయల్దేరాడంటే వాడి ఊఁ చెప్పులేసుకుని వెంట నడిచేది. పులి ఎదురైతే గొంతులోనే నక్కేది. తప్పిపోయిన కొడుకు బావి దగ్గర తల్లికి కనిపించాడంటే అప్పుడు ఒక ఊఁ అనేవాడు, అది విని చెబుతున్న నేనే పైకండువాతో ముఖం తుడుచుకునేవాణ్ణి. ఒకసారి మా ఊరికి వచ్చిన ఒగ్గు కథ మేళం నాయకుడు వాణ్ణి చూసి, "ఈ పిలగాన్ని మాకిస్తరా, తిప్పుకుంటం" అని అడిగాడు. మా అన్న ఒప్పుకోలేదు. అప్పటికి వాడికి తొమ్మిదేళ్లు. తొమ్మిదేళ్లకే పిలుపు వచ్చిందన్నమాట.

పెద్దయ్యాక కిష్టయ్య పట్నం వచ్చాడు. పుప్పాలగూడలో కిరాయి గది. భార్య రాజమ్మ ఫైనాన్షియల్ డిస్ట్రిక్ట్‌లో ఒక ఆఫీసు హౌస్‌కీపింగ్‌లో చేస్తుంది. వీడు హైటెక్ సిటీ వెనక సందులో ఒక ఐదంతస్తుల బిల్డింగుకు సెక్యూరిటీ గార్డు. నేను తెల్లాపూర్‌లో ఒక గేటెడ్ కమ్యూనిటీలో తోటపని చూస్తాను. ఆదివారాలు వాళ్లింటికి పోతాను.

బిల్డింగు కింద వాడి కుర్చీ, బల్ల, వచ్చేపోయేవాళ్ల రిజిస్టరు. పైన నాలుగు అంతస్తుల్లో సాఫ్ట్‌వేరు, మూడో అంతస్తులో మాత్రం డబ్బింగ్ థియేటరు. సాఫ్ట్‌వేరు పిల్లలు టీ తాగడానికి కిందికి వస్తారు. వచ్చి వాడి బల్ల మీద మోచేతులు ఆనించి మేనేజరు సంగతులు చెప్పుకుంటారు. దినేష్ అని ఒకడు రాజీనామా చేస్తానని చెప్పడానికి మూడుసార్లు దిగాడు. మూడుసార్లూ చెప్పుకుని, ఊఁ కొట్టించుకుని, తేలికపడి పైకి పోయి మళ్లీ పని మొదలుపెట్టాడు. ఆ కంపెనీవాళ్లు వీడికి కనీసం ఒక శాలువా కప్పాలి.

ఇంట్లో మాత్రం పేరు రాలేదు. రాజమ్మ నాతో మొర పెట్టుకునేది.

"మామా, ఉప్పు అయిపోయిందంటె ఊఁ అంటడు. గ్యాస్ అయిపోయిందంటె ఊఁ అంటడు. నేను అవ్వగారింటికి వోతున్న, ఇగ రానంటె గూడ గదే ఊఁ. గీ మనిషితోని ఎట్ల ఏగాలె?"

కిష్టయ్య పక్కనే కూర్చుని, "ఊఁ" అన్నాడు.

ఒకరోజు మధ్యాహ్నం లిఫ్టు ఆగిపోయింది. థియేటరులో డబ్బింగ్ పని నడిపించే జ్యోత్స్న మేడం పైకి పోలేక కింద ఆగిపోయింది. ఆమెది భీమవరం వైపు. మెకానిక్ వచ్చేదాకా కూర్చోమని వీడు తన కుర్చీ ఇచ్చాడు. ఆమె కూర్చుని మొదలుపెట్టింది.

"నాలుగు రోజులైందండీ కిష్టయ్య గారూ, గొంతు దొరకట్లేదు. ఆ ఫిన్లాండు ఆయన సినిమా మొత్తం మీద పన్నెండు మాటలంటాడు. మిగతాదంతా ముక్కుతో మూలగడమే."

"ఊఁ."

"ఎప్పుడూ మాకు గొంతిచ్చే గిరీష్ గారిది బంగారం లాంటి గొంతండీ, కాదనను. కానీ ఆ కట్టెలు కొట్టేవాడు ఇంటికొచ్చి బూట్లు విప్పే సీనుంది. దానిక్కూడా సింహం గుహలోంచి బయటికొచ్చినట్టు ఊపిరి తీశాడు. బూట్లండీ! బూట్లు విప్పుతున్నాడు!"

"ఊఁ."

"వాళ్లావిడ పోయిందని తెలిసే సీనులో అయితే..." అని ఆమె ఆగిపోయింది. "ఇప్పుడు మీరేమన్నారు?"

"నేనేమనలే మేడం."

"అన్నారండీ. మళ్లీ అనండి."

"మీరు చెప్పుండ్రి మరి. చెప్పకుంటె ఎట్లొస్తది?"

లిఫ్టు బాగయ్యేసరికి వీడు మైకు ముందున్నాడు. మెట్ల మీదే తీసుకుపోయింది.

అయితే అక్కడ ఒక చిక్కు వచ్చింది. ఖాళీ గదిలో నిలబడి ఊఁ అనమంటే వాడికి రాలేదు. ఎవరైనా ఏదైనా చెబితేనే వస్తుంది. సౌండ్ ఇంజినీరు హేమంత్ తన బైకు పంక్చరు సంగతి చెప్పి చూశాడు గాని, వచ్చిన ఊఁ పంక్చరుకు తగ్గట్టే ఉంది. కట్టెలు కొట్టేవాడి భార్య పోయిన సీనుకు అది చాలలేదు. అప్పుడు నాకు ఫోను చేశారు. నేను ఆ గదిలో అద్దం ఇవతల కూర్చుని, మా ఊరి దున్నపోతు తప్పిపోయి పదిహేడు రోజుల తర్వాత తనంతట తానే ఇంటికి వచ్చిన కథ చెప్పాను. వాడు హెడ్‌ఫోన్లు పెట్టుకుని, కళ్లు మూసుకుని ఊఁ కొట్టాడు. జ్యోత్స్న మేడం కళ్లు తుడుచుకుంది. అంటే ఫిన్లాండు సినిమాలో నా పాత్ర కూడా ఉంది. వినపడదు, అంతే.

ఆ పన్నెండు మాటలు కూడా వాడే చెప్పాడు. "తలుపు వెయ్యి", "చలి", "గొడ్డలేది" లాంటివి. వారం రోజులు గేటు దగ్గర సాధన చేశాడు. ఏప్రిల్ నెల ఎండలో చెమటలు కక్కుకుంటూ లోపలికి వచ్చిన డెలివరీ అతన్ని చూసి గంభీరంగా "చలి" అన్నాడట. అతను పార్సిలు బల్ల మీద పెట్టి, సంతకం అడక్కుండా వెళ్లిపోయాడు.

నాలుగేళ్లు అట్లా సాగింది. జోగిపేట బస్టాండు ఎదురుగా ఫ్లెక్సీ కట్టించాం. పైన తైస్తో రౌతల బొమ్మ, మంచులో గొడ్డలితో. పక్కన సెక్యూరిటీ డ్రెస్సులో కిష్టయ్య. కింద శుభాకాంక్షలు తెలిపేవాళ్ల పేర్లు ఇరవై మూడు. మొదటిది నాది.

ఇప్పుడు పడవ సంగతి.

అది తైస్తో ఇరవై ఏళ్ల కింద చేసిన సినిమా. ఆయనకు పేరు తెచ్చింది అదే. అందులో ఒక సీనుంది. పడవవాడు బల్ల దగ్గర కూర్చుని ఉంటాడు. ఎదురుగా పక్కింటి ఆడమనిషి. ఆమె భర్త సరస్సు మీద మంచు పగిలి మునిగిపోయాడు. ఆ దుఃఖమంతా ఆమె తొమ్మిది నిమిషాలు చెప్పుకుంటుంది. తైస్తో పెదవి కదపడు. ఆ తొమ్మిది నిమిషాల మౌనానికి వాళ్ల దేశంలో పెద్ద బహుమతి ఇచ్చారట. అక్కడ నటన నేర్పే బడుల్లో పిల్లలకు ఆ సీను వేసి, "నోరు మూసుకోవడం అంటే ఇదీ" అని చూపిస్తారట.

ఆ సీను పని జరిగిన రోజు జ్యోత్స్న మేడం తమ్ముడి పెళ్లికి ఊరెళ్లింది. హేమంత్ ఒక్కడే ఉన్నాడు.

"కిష్టన్నా, ఈడ నీకేం లేదు. తొమ్మిది నిమిషాలు ఊకె కూసో" అని చెప్పి, టిఫిన్ డబ్బా విప్పాడు.

వీడు ఊకెనే కూర్చున్నాడు. కానీ హెడ్‌ఫోన్లు చెవులకే ఉన్నాయి. ఆ ఆడమనిషికి అప్పటికే ప్రశాంతి అనే అమ్మాయి తెలుగు చెప్పి ఉంది. మంచి గొంతు. మంచు ఎట్లా పగిలిందీ, టోపీ ఎట్లా తేలిందీ, పిల్లవాడు రోజూ కిటికీ దగ్గర ఎట్లా నిలబడుతున్నదీ ఒకటొకటిగా చెబుతోంది. మైకు తెరిచే ఉంది. కిష్టయ్య ఊఁ అన్నాడు. మొత్తం యాభై ఏడుసార్లు అన్నాడు. నేను తర్వాత నోటుబుక్కులో గీతలు గీసి లెక్కపెట్టాను.

ఊఁ అనడానికి పెదాలు విప్పనక్కర్లేదు గదా. తెర మీద తైస్తో పెదాలు మూసుకునే ఉన్నాడు. రెండూ అతికినట్టు సరిపోయాయి. హేమంత్ పప్పన్నం కలుపుకుంటూ చూసి, బాగుందనుకుని అట్లాగే ఉంచేశాడు.

"ఎందుకన్నవురా?" అని నేను తర్వాత అడిగాను.

"కాకా, గామె మొగడు మునిగిపాయె. చెప్పుకుంట చెప్పుకుంట ఏడ్వవట్టె. ఎదురుంగ కూసున్నోడు ఉలకడు పలకడు. ఊరోళ్లు జూస్తె ఏమనుకుంటరు? వాడన్నా అనాలె, నేనన్నా అనాలె."

ఇందులో తప్పేముందో నాకైతే కనిపించలేదు.

సినిమా తెలుగులో వచ్చింది. జనానికి నచ్చింది. మదీనాగూడ నుంచి ఒక రిటైరైన టీచరమ్మ కంపెనీకి ఉత్తరం రాసింది. "ఆ పడవ అతను ఎంత శ్రద్ధగా విన్నాడండీ. మావారు నలభై ఏళ్లలో ఒక్కసారి అలా వినలేదు. ఆయన్ని పక్కన కూర్చోబెట్టి ఆ సీను రెండుసార్లు చూపించాను" అని. కానీ ఆ తెలుగు సినిమా ఫిన్లాండులో ఎవరో చూశారు. అక్కడి కంపెనీ నుంచి మెయిలు వచ్చింది. తమ దేశంలోకెల్లా గొప్ప మౌనాన్ని మేము పాడు చేశామట. తైస్తో రౌతల గారే స్వయంగా వచ్చి చూస్తారట. ఆయన కాదంటే ఊఁలన్నీ తుడిచెయ్యాలి. గొంతు మార్చాలి. పడవ సినిమా ఒక్కదానికే కాదు, పదకొండింటికీ. గిరీష్‌ను సిద్ధంగా ఉండమని చెప్పారు.

నాలుగు రోజుల తర్వాత రాజమ్మ పని మానుకుని మరీ తెల్లాపూర్ వచ్చింది. నేను గడ్డికి నీళ్లు పెడుతున్నాను.

"మామా, ఆయన ఊఁ అంటలేడు."

"దేనికి?"

"దేనికీ. ఉప్పు అయిపోయిందన్న. అనలే. గ్యాస్ అయిపోయిందన్న. అనలే. గోడ దిక్కు జూస్తుండు. నేనే తిట్టిన గదా మామా ఇన్నొద్దులు. ఇప్పుడు ఇల్లు బోసిపోయినట్టున్నది. దవాఖానకు తోలుకపోవాల్నా?"

నేను పైపు అక్కడే వదిలేసి పుప్పాలగూడ పోయాను. కిష్టయ్య మంచం మీద కూర్చుని ఉన్నాడు. పక్కన కూర్చుని చాలాసేపు నేనే మాట్లాడాను. చివరికి వాడు నోరు విప్పాడు.

"కాకా, పద్నాలుగేండ్లాయె గేటు కాడ నిలవడవట్టి. నా మొకం ఎవలికీ ఎరుక లేదు. గా మైకు ముంగట నిలవడితే నా ఊఁ కోసం నలుగురు మనుషులు సప్పుడు జెయ్యకుంట కూసుంటరు. ఫ్యాను గూడ బంజేస్తరు. ఇగ గిరీష్ సారు అంటడు గావచ్చు ఊఁ."

"గిరీషు ఊఁ ఒక ఊఁయేనారా?" అన్నాను.

తైస్తో వచ్చే రోజు రానే వచ్చింది. నేను ఇస్త్రీ చొక్కా వేసుకుని పది గంటలకే బిల్డింగు దగ్గరున్నాను. కిష్టయ్యకు డ్యూటీ ఉంది. కారు ఆగింది. తైస్తో రౌతల దిగాడు. ఆరడుగుల మూడంగుళాల మనిషి, తెల్ల గడ్డం, అరవై దాటి ఉంటాడు. తల వంచి అద్దాల తలుపులోంచి లోపలికి వచ్చాడు. వెనకే ఆయన మేనేజరు. పక్కన సంయుక్త అనే అమ్మాయి. మన మణికొండ పిల్లే, హెల్సింకిలో ఆరేళ్లు సాఫ్ట్‌వేరు చేసి వచ్చింది, ఆ భాష వచ్చు.

ఎంత పెద్ద నటుడైనా రూలు రూలే. కిష్టయ్య లేచి నిలబడి సెల్యూటు కొట్టి, రిజిస్టరు ముందుకు జరిపాడు. తైస్తో తన పేరు రాశాడు. ఫోను నంబరు రాశాడు. 'వచ్చిన పని' అన్న గడిలో ఒక గీత గీసి వదిలేశాడు.

కిష్టయ్యను కూడా పైకి పిలిచి సీను వేశారు. నేను వెనక వరసలో కూర్చున్నాను. చీకట్లో యాభై ఏడు ఊఁలూ ఒకటొకటిగా వచ్చాయి. లైట్లు వేసేసరికి మేనేజరు ముఖం ఎర్రగా ఉంది. సంయుక్త వాళ్ల భాషలో ఏదో అడిగింది. తైస్తో ముక్కుతో ఒక మూలుగు మూలిగాడు.

అందరం కిష్టయ్య వైపు తిరిగాం. ఆ మూలుగుల్లో నాలుగేళ్లు మునిగి తేలినవాడు వాడొక్కడే.

"ఇది ఏ ఊఁ అండీ?" అంది జ్యోత్స్న మేడం మెల్లగా.

"ఇంక పండలే మేడం. పచ్చిగున్నది" అన్నాడు కిష్టయ్య. చెప్పి, గేటు దగ్గర మనిషి లేడని కిందికి పోయాడు.

భోజనాలు పెట్టారు. బిర్యానీ. ప్లేట్లు పట్టుకుని చూస్తే తైస్తో లేడు. బాత్రూములో లేడు, టెర్రస్ మీద లేడు. మేనేజరు పరేషాన్ అయ్యాడు. చివరికి హేమంత్ మెట్ల మీంచి వంగి చూసి చేత్తో పిలిచాడు. అందరం ప్లేట్లతోనే దిగాం.

కింద తైస్తో కిష్టయ్య కుర్చీలో కూర్చుని ఉన్నాడు. కిష్టయ్య ఎదురుగా ప్లాస్టిక్ స్టూలు మీద. బల్ల మీద రెండు టీ గ్లాసులు. తైస్తో మాట్లాడుతున్నాడు. చేతులు తిప్పుతూ, బల్ల మీద వేలితో ఏదో బొమ్మ గీస్తూ, ఆపకుండా మాట్లాడుతున్నాడు. వాళ్ల భాషే. కిష్టయ్యకు ఒక్క ముక్క రాదు. అయినా ఎక్కడ పడాలో అక్కడ పడుతోంది ఊఁ.

సంయుక్త మెట్ల దగ్గరి అద్దం తలుపుకు చెవి పెట్టి మాకు చెబుతూ వచ్చింది.

"వాళ్ల నాయన పడవ గురించి చెప్తున్నడు... పడవకు ఎర్ర రంగేసిండంట, వాళ్లమ్మకు నచ్చలేదంట... ఇప్పుడు ఏదో పిల్లి... పిల్లి పోయిన సంవత్సరం చచ్చిపోయిందంట."

మేనేజరు ఆమెను ఏదో అడిగి, చెప్పింది విని, గోడకు ఆనుకున్నాడు. పదకొండేళ్లుగా ఆయన వెంట ఉన్నాడట. పిల్లి ఉందని తెలియదట.

"అమ్మో, మొదటి పెళ్లి సంగతి. ఇది నేను వినొద్దు" అని సంయుక్త చెవి తీసేసింది.

"విను తల్లీ, విను" అన్నాన్నేను.

ఆమె మళ్లీ చెవి పెట్టింది. కాసేపటికి ముఖం మారింది.

"ఆగుండ్రి... ఆ తొమ్మిది నిమిషాల గురించి చెప్తున్నడు. ఆ సీన్ల ఈయనకు డైలాగులు ఉండెనంట. రెండు పేజీలు. కెమెరా తిరిగినంక ఒక్క ముక్క గుర్తుకు రాలేదంట. భయానికి నోరు మూసుకుని కూసున్నడంట. కట్ చెప్పినంక డైరెక్టర్ ఉరికొచ్చి గట్టిగ పట్టుకుని ఏడ్సిండంట."

మేనేజరు చేతిలోంచి కోడి ముక్క జారింది.

"బహుమతి ఇచ్చేసరికి నిజం చెప్పలేకపోయిండంట. అప్పటిసంది ఎవ్వరూ ఈయనకు మాటలు రాయరు. స్క్రిప్టు రాంగనే ముందుగాల తన పేరు వెతుక్కుంటడంట. పేరు పక్కన చుక్కలే ఉంటయంట. ఇరవై ఏండ్లసంది చుక్కలే. ఎవరన్నా నాతో మాట్లాడిస్తరా అని చూస్తున్న అంటున్నడు."

కిష్టయ్య అప్పుడు అన్నాడు ఒక ఊఁ. నేను గుర్తుపట్టాను. తప్పిపోయిన కొడుకు బావి దగ్గర తల్లికి కనిపించినప్పటిది. కళ్లం దగ్గర విన్న తర్వాత నేను మళ్లీ వినలేదు. తైస్తో జేబులోంచి రుమాలు తీసి ముక్కు చీదాడు. చీది, ఇంకో కథ మొదలుపెట్టాడు.

మొత్తం నలభై ఏడు నిమిషాలు. బిర్యానీ చల్లారిపోయింది. ఈలోగా దినేష్ రాజీనామా సంగతి చెప్పుకోవడానికి నాలుగోసారి దిగి, కుర్చీ ఖాళీగా లేదని చూసి, నిరాశగా పైకి పోయాడు.

తైస్తో లేచి వచ్చి సంయుక్తతో ఒకటే మాట చెప్పాడు. ఆమె తెలుగులో చెప్పింది.

"యాభై ఏడూ ఉంచుండ్రి అంటున్నడు. డైలాగు మరిచిపోయినా, ఆ దినం నేను గీ పనన్నా చేసుండాల్సింది అంటున్నడు."

పోతూ పోతూ రిజిస్టరు తెరిచి, 'వచ్చిన పని' గడిలో పొద్దున గీసిన గీత పక్కన ఏదో రాశాడు. సంయుక్త చూసి, "మాట్లాడడానికి" అని చెప్పింది. ఆ పేజీ జిరాక్సు నా దగ్గరుంది.

మరిచిపోయిన డైలాగు సంగతి ఫిన్లాండులో ఎక్కడా అనొద్దని మేనేజరు మా అందరి దగ్గర మాట తీసుకున్నాడు. తెలుగులో రాయొద్దని మాత్రం అనలేదు.

ఇంటికి పోయి కిష్టయ్య అన్నం దగ్గర కూర్చున్నాడు. రాజమ్మ ఉప్పు డబ్బా నిండుగా ఉన్నా సరే, "ఉప్పు అయిపోయింది" అంది. "ఊఁ" అన్నాడు. ఆమె కొంగు నోట్లో కుక్కుకుని వంటింట్లోకి పోయింది. నవ్విందో ఏడ్చిందో నేను చూడలేదు.

ఇక్కడితో ఆగితే బాగుండేదేమో. కానీ తైస్తో తన దేశం పోయి, ఇక నోరు మూసుకునే వేషాలు వెయ్యనని తెగేసి చెప్పాడు. మాటలున్న సినిమా ఒప్పుకున్నాడు. ఎనభై నాలుగు పేజీల మాటలు, అన్నీ ఆయనవే. జ్యోత్స్న మేడం ఆ కాగితాల కట్ట పట్టుకుని కిందికి వచ్చింది.

"కిష్టయ్య గారూ, ఒకసారి చదివి చూడండి."

చదివాడు. రిజిస్టరులో బండి నంబర్లు చదివినట్టు చదివాడు. రెండో పేజీలో వాడే ఆపేశాడు.

"గిరీష్ సారును పిలువుండ్రి మేడం. గిన్ని మాటలు నాతోని గాదు."

ఏది పోతుందని నాలుగు రోజులు గోడ వైపు చూశాడో, అది గెలిచాక పోయింది. మా వాడి ఊఁ విని ఆయనకు మాటలొచ్చాయి. ఆయనకు మాటలొస్తే మా వాడికి పని పోయింది. నాకు కోపం వచ్చింది. "నలభై ఏడు నిమిషాలు కొట్టినవు, నడుమ జర ఆపితే ఏమాయె?" అన్నాను. "కథ నడుమ ఆపుతరా కాకా?" అన్నాడు వాడు. అది నేను నేర్పిందే.

వారం తిరక్కుండా సంయుక్త ఫోను చేసింది. తైస్తో ఇంకొక మాట కూడా అన్నాడట. ఎదురుగా వినేవాడు లేకపోతే ఎనభై నాలుగు పేజీలు తనవల్ల కాదని. ఆ సినిమా కథ ఏమిటంటే, మంచులో ఒంటరిగా ఉండే ఒక ముసలాయన హీటరు చెడిపోయిందని కంపెనీకి ఫోను చేస్తాడు. ఆ ఫోను ఎట్లెట్లో తిరిగి హైటెక్ సిటీలో ఒక బిల్డింగు కింద సెక్యూరిటీ బల్ల మీద మోగుతుంది. గార్డు ఎత్తుతాడు. వాడికి ఆ భాష రాదు. ఊఁ అంటాడు. ముసలాయన రోజూ చేస్తాడు. హీటరు సినిమా అయిపోయేదాకా బాగుపడదు.

ఆ గార్డు వేషం ఎవరిదో నేను చెప్పక్కర్లేదు.

షూటింగు రెండు రోజులు, వాడి బల్ల దగ్గరే, వాడి కుర్చీలోనే, వాడి డ్రెస్సులోనే. మేకప్ అతను పౌడరు డబ్బా తెరిచి, ముఖం చూసి, మళ్లీ మూసేశాడు. డైరెక్టరు, "మీరేం చెయ్యకండి, వినండి చాలు" అని సంయుక్తతో చెప్పించాడు. "పద్నాలుగేండ్లసంది గదే జేస్తున్న" అన్నాడు కిష్టయ్య. అవతల హెల్సింకి నుంచి తైస్తో నిజంగానే ఫోనులో మాట్లాడాడు. మొదటి రోజు టేకు కట్ చెప్పినా ఇద్దరూ ఫోను పెట్టలేదు.

కనుక ఇప్పుడు మా కిష్టయ్య ఫిన్లాండు సినిమాకు గొంతు ఇచ్చినవాడే కాదు, ఫిన్లాండు సినిమా నటుడు. పేర్లు పడేటప్పుడు తైస్తో రౌతల పేరు తర్వాత రెండో పేరు వాడిది. ఫ్లెక్సీ మార్చాం. ఈసారి కిష్టయ్య బొమ్మ పెద్దది.

ఆ సినిమాకు తెలుగు చెప్పే పని పోయిన నెలలో అయింది. ఒక మైకు దగ్గర గిరీష్, తైస్తో మాటలకు. పక్క మైకు దగ్గర కిష్టయ్య, తన ఊఁ తనే. నేను అద్దం ఇవతల కూర్చున్నాను. గిరీష్ మొదట సింహంలాగే మొదలుపెట్టాడు. పక్కనుంచి ఊఁ పడింది. రెండో పేజీకి గొంతు దిగింది. పదో పేజీకి మామూలు మనిషిలా మాట్లాడాడు. పేజీ అయిపోయింది. హేమంత్ ఆపమని చెయ్యి ఊపాడు. గిరీష్ ఆపలేదు. కాగితం కింద పెట్టి, కిష్టయ్య వైపు తిరిగి, తన మోకాలి నొప్పి ఎప్పుడు మొదలైందో చెప్పడం మొదలుపెట్టాడు.

మా బామ్మర్ది మాత్రం ఇంకా నమ్మడు. మొన్న ఆదివారం పొద్దున్నే నేను కిష్టయ్య ఇంట్లో ఉండగా ఫోను చేసి తగులుకున్నాడు. "బావా, గదంత అబద్ధం. ఊఁ అంటె సినిమాల తీసుకుంటరా? మా బర్రె గూడ అంటది" అని. నాకు జవాబు చెప్పే ఓపిక లేక ఫోను కిష్టయ్య చేతిలో పెట్టాను. వాడు చెవి దగ్గర పెట్టుకుని ఊఁ అన్నాడు. నేను స్నానం చేసి, టిఫిన్ తిని వచ్చాను. బామ్మర్ది ఇంకా మాట్లాడుతున్నాడు. సినిమా సంగతి ఎప్పుడో వదిలేశాడు. పంటి నొప్పి దగ్గరున్నాడు.